సున్నా నుంచి లెక్కపెట్టే చిలుకలు

రండి, ఇట్లా దగ్గరికి జరగండి. ఆ ఫోన్లు బోర్లా పెట్టండి, ఎక్కడికీ పారిపోవు. ఫ్యాను చప్పుడు ఎక్కువ, నా గొంతు తక్కువ. దూరంగా కూర్చుంటే సగమే వినబడుతుంది, మిగతా సగం మీరే అల్లుకుని రేపు నేను చెప్పానని ఊరంతా చెబుతారు.

నేను చదివింది ఐదో తరగతి. ఆ ఐదోది కూడా పూర్తిగా చదివానని ఒట్టేసి చెప్పలేను. కానీ కరీంనగర్ వైపు పల్లె నుంచి మీసాలు రాకముందే సూరత్ వచ్చి, జీవితమంతా సాంచెల మధ్యే గడిపాను. సాంచె అంటే మరమగ్గం, మీకు తెలుసుగా. జకార్డు ఫిట్టరుగా ఈ మధ్యనే పని మానేశాను. చీర మీద పువ్వో నెమలో రావాలంటే మగ్గం నెత్తిన ఒక యంత్రం కూర్చోవాలి, అదే జకార్డు. పడుగులో, అంటే నిలువు పోగుల్లో, ఏ పోగు పైకి లేవాలో, ఏది పడుకోవాలో అది చెబుతుంది. అది అలిగితే బుజ్జగించడం నా పని.

కంప్యూటరు చదివే పిల్లలు మా గోడాదరా గల్లీలో ఇప్పుడు ఇంటికొకరున్నారు. "తాతా, కోడు రాస్తే సరిపోదా, మధ్యల ఈ లెక్కలెందుకు" అని మొన్న ఒకడు నన్నడిగాడు. అడగాల్సిన మనిషినే అడిగాడు! లెక్కలకూ కోడుకూ ఉన్న చుట్టరికం నేను బడిలో నేర్చుకోలేదు. చిలుకల దగ్గర నేర్చుకున్నాను. అదీ, పస్తులున్న చిలుకల దగ్గర.

అప్పుడు మా కార్ఖానా సూరత్ పక్కన కిమ్‌లో ఉండేది. పాత జకార్డులు అట్టలతో నడిచేవి. ఒక్కో పేక పోగుకు, అంటే అడ్డంగా పడే పోగుకు, ఒక్కో అట్ట. అట్టలో చిల్లు ఉన్నచోట పడుగు పోగు లేస్తుంది, లేనిచోట లేవదు. చిన్న పువ్వు మార్చాలన్నా అట్టలన్నీ మళ్లీ కొట్టించి, మళ్లీ దండలా కుట్టించాలి. వారాలు పట్టేది. అలాంటి రోజుల్లో మా శేఠ్ ఒక సాంచె మీద అట్టలు తీసేయించి కరెంటు డబ్బా పెట్టించాడు. దానికి చిన్న తెర, కింద కూడికకూ తీసివేతకూ రెండు మీటలు. ఆ డబ్బాతో పాటే ఒక అమ్మాయిని కూడా తెచ్చాడు.

ఆ అమ్మాయి మనవాళ్ల బిడ్డే. పుట్టింది, పెరిగింది కోసాడ్ కాలనీలో. తండ్రి రంగుల మిల్లులో పని, తల్లి ఇంట్లోనే చీరలకు రాళ్లు అతికేది. బిడ్డ కంప్యూటరు డిప్లొమా చదివింది. మాట తెలుగులో మొదలుపెట్టి, హిందీలో నడిపి, గుజరాతీలో దించేది. నన్ను కాకా అనేది. ఆ సాంచె నడిపే కారీగరు నాకు వరసకు బావ, కాబట్టి అతన్ని మామా అనేది. బావ మాత్రం మొదటిరోజే ఆమెకు 'ఇంజినీరమ్మ' అని పేరు పెట్టి, ఆ పేరును నోరారా వాడుకున్నాడు.

శేఠ్‌ది సగం నమ్మకం. చీర ఒంటి మీద మామిడికాయల డిజైను బయటి స్టూడియోలో చేయించాడు. ఈ పిల్లకు అంచు మాత్రం ఇచ్చాడు. అంచులో చిలుకల వరుస. ప్రతి చిలుకా ముక్కు చాచి, అంచు గీత అవతల ఉన్న మామిడికాయను కొరకాలి. "సోమవారం మార్కెట్ నుంచి వ్యాపారి వస్తాడు. చీర నచ్చితే ఆ కంప్యూటరు ముందు కుర్చీ నీది. నచ్చకపోతే డిజైన్లన్నీ స్టూడియోకే, నీకు నమస్తే" అన్నాడు. నమస్తే అంటే ఏమిటో ఆ పిల్లకు తెలుసు. ఇంటికెళ్లి తల్లి పక్కన కూర్చుని రాళ్లు అతకడం. తల్లి అప్పటికే కూతురి కోసం ఇంకో పళ్లెం, ఇంకో జిగురు డబ్బీ తెచ్చిపెట్టిందట. కోపంతో కాదు, ముందుచూపుతో. కోపమైతే ఆ పిల్ల తట్టుకునేదే.

పొద్దున ఇద్దరం ఒకే రైలు బండిలో కిమ్ వెళ్లేవాళ్లం. ఆ బండిలోనే నా రెండో చదువు జరిగింది.

"కాకా, మీ అట్టల చిల్లు ఉంటే ఒకటి, లేకుంటే సున్నా. గంతే. దీన్నే బైనరీ అంటరు."

నేను ఏదో జబ్బు పేరనుకుని, "ఎవరికి?" అన్నాను. ఎదురు సీటు ఆయన కూడా నవ్వాడు.

"ఇగ సాంభళో," అంది, అంటే వినమని. "పేక పోగులు ఒకటెన్క ఒకటి పడతయ్ గదా. ప్రతి పోగుకు నా ప్రోగ్రాం ఒకటే సవాల్ అడుగుతది. ఇది చిలుకల ఎన్నో వరుస? చిలుకకు నలభై వరుసలు. పోగు నంబరును నలభైతోని భాగించాలె. మిగిలిన శేషమే వరుస నంబరు."

ఆ రోజు చాయ్ దగ్గర ఈ సంగతి బావకు చెప్పాను. బావ గ్లాసు కింద పెట్టేశాడు.

"శేషమా? భాగహారంల శేషం అంటే పారేసేదనుకున్న గదా బావా! పారేసేదాన్తోని చిలుకను చేస్తదా?"

"ఇంకోటి విను. నలభైతోని భాగిస్తే శేషం నలభై ఎన్నడు రాదట. సున్నా నుంచి ముప్పై తొమ్మిదే. అందుకని ఆమె లెక్కల మొదటి వరుస ఒకటో వరుస కాదు, సున్నా వరుస."

"సున్నా నుంచి లెక్కనా? అట్లయితే మా పెద్దోడు నాకు సున్నా కొడుకా?" అని బావ తొడ కొట్టుకున్నాడు. "బడిల నాకు సున్నాలు మస్తుగ వచ్చినయ్. నాకు తెల్వకనే కంప్యూటర్ సదివిన్నన్నట్టు!"

అప్పుడే చాయ్ కోసం వచ్చిన పిల్ల అందుకుంది. "మామా, ఈ చిలుక పొడవు ఎప్పుడన్న మారొచ్చు. అందుకే దానికొక పేరు పెట్టిన, ఎక్స్ అని."

బావ ముఖం మాడిపోయింది. "ఎక్సా? వాని విలువ కనుక్కోమంటేనే నేను బడి ఎగ్గొట్టి సూరత్ రైలెక్కిన. వాడు నాకన్న ముందే వచ్చి ఈడ కూసున్నడా!"

ఇదంతా నవ్వులాటగా ఉంది కదా. ఇక్కడి నుంచే బండి పట్టాలు తప్పింది.

డబ్బా తెర మీద ఒక సంఖ్య వేయాలి. ఎన్ని వరుసలకు ఒకసారి అంచు మళ్లీ మొదలవ్వాలో ఆ సంఖ్య. ప్రోగ్రాం చివరి వరుస నంబరు ముప్పై తొమ్మిది అని చూపించింది. పిల్ల ఆలోచించింది: కాకకూ మామకూ సున్నా సంగతి పూర్తిగా తెలియదు, ముప్పై తొమ్మిదే వేసేస్తారు, నేనే ఒకటి కలిపి ఇస్తే పోతుంది. కలిపింది. చీటీ మీద నలభై రాసి నాకిచ్చింది.

నేను చీటీ చూశాను. ఈ బిడ్డ సున్నా నుంచి లెక్కపెట్టేది, అంటే ఈమె నలభై మన నలభై ఒకటి, పాపం తొందరలో మరిచిపోయింది అనుకున్నాను. మరి పెద్దవాణ్ణి కదా! పిల్ల చిన్నబుచ్చుకోకుండా, చప్పుడు చేయకుండా నలభై ఒకటి వేశాను.

బావ నా వెనకే వచ్చాడు. నేనే కదా అతనికి సున్నా పాఠం చెప్పింది! వీళ్లిద్దరూ నలభై నలభై అనుకుంటూ తిరిగారు, తెర మీద నలభై ఒకటి ఉంది, అంటే ఏదో తేడా ఉంది, ఎందుకైనా మంచిదని కూడిక మీట ఇంకోసారి నొక్కాడు. నలభై రెండు.

చూడండి, ముగ్గురం మంచివాళ్లమే. ముగ్గురికీ పాఠం వచ్చు. ఒకరికొకరు చెప్పుకోలేదు, అంతే.

సాంచె మొదలైంది. మొదటి చిలుక ముక్కు కాయ మీద సరిగ్గా వాలింది. బావ ఈల వేశాడు. పిల్ల కళ్లు మూసుకుని తెరిచింది. నేను అందరికీ శనగపిండి ఖమణ్ తెప్పించాను. మేము దాన్ని తిని చేతులు కడుక్కుని వచ్చేసరికి అక్కడ చిలుకలు తినడం మానేశాయి. ఒక చిలుక కాయ అంచును నాకుతోంది. దాని తర్వాతది తొడిమను కొరుకుతోంది. ఆ తర్వాతది గాలిని. ఇంకా ముందుకెళ్తే చిలుకలు కాయలకు వీపు తిప్పుకుని, అలిగిన అల్లుళ్లలా ఉన్నాయి.

పిల్ల బట్టను చేత్తో జరుపుకుంటూ పోయింది. పోయి పోయి ఒకచోట ఆగింది. "కాకా, ఈడ మళ్ల కలిసినయ్. ఇరవై చిలుకలు, ఇరవై ఒక్క కాయ. నలభై రెండు ఇరవై సార్లు, నలభై ఇరవై ఒక్కసారి. రెండు ఒకటే. ఎనిమిది వందల నలభై." గొంతు మెల్లగా ఉంది కానీ లెక్క మాత్రం ఆగలేదు. "కాయల చుట్టు నలభై. చిలుకల చుట్టు నలభై రెండు అయింది. ఎట్లయింది?"

"ఇరవై చిలుకలకు ఒక్క కాయ ఎక్కువొచ్చిందన్నట్టు. ఆ మిగిలింది నాకే ఇయ్యుర్రి" అన్నాడు బావ.

అంతలో శేఠ్ వచ్చాడు. బట్ట చూశాడు. "ఆ శూ థయూ?" అన్నాడు. ఇదేమైంది అని. తర్వాత హిందీలో, "ఎవరు చేశారిది?" అని గట్టిగా అడిగాడు.

మామూలుగా ఇలాంటి ప్రశ్నకు కార్ఖానాలో ఎవరూ నోరు తెరవరు. కానీ మేము సరిచేశామన్న ధీమాలో ఉన్నాం కదా! "ఒకటి నేనే కలిపిన శేఠ్‌జీ" అన్నాను గొప్పగా. "నేను గూడ ఒకటి కలిపిన" అన్నాడు బావ, నేనొక్కణ్ణే మెప్పు కొట్టేస్తానేమోనని. పిల్ల మా ఇద్దరినీ చూసి, "నేను ముందే కలిపిన కాకా!" అని తల పట్టుకుంది.

శేఠ్ చిలుకల వరుస మీద వేలు పెట్టి చూపించాడు. "ఒక్క తెలివైనోడుంటే కార్ఖానా నడుస్తుంది. ముగ్గురు తెలివైనోళ్లుంటే చిలుకలు చస్తాయి. రేపు సాయంత్రానికి సరిచేయండి" అని వెళ్లిపోయాడు.

మర్నాడు శనివారం. ముగ్గురం బుద్ధిమంతులమయ్యాం. పెద్దవాళ్లు ఎలాగూ ఒకటి కలుపుతారు కదా, నేనెందుకు కలపాలి అని పిల్ల ముప్పై తొమ్మిది రాసిచ్చింది. తిట్లు తిన్నాను కదా, ఇచ్చినదే వేస్తాను అని నేను ముప్పై తొమ్మిదే వేశాను. బావ అయితే ఆ మీటల వైపు చూడనని తల్లి మీద ఒట్టేశాడు. ఇక చెప్పాలా? చిలుకలు ఈసారి వెనక్కి జరగడం మొదలుపెట్టాయి. నలభై చిలుకలకు ముప్పై తొమ్మిది కాయలు.

"నిన్న కాయ మిగిలింది. ఇయ్యాల ఒక చిలుకకు పస్తు" అన్నాడు బావ. ఈసారి ఎవరూ నవ్వలేదు. శేఠ్ అసలు దగ్గరికే రాలేదు. దూరం నుంచే చూసి, ఫోనులో స్టూడియో వాళ్లతో మాట్లాడుతూ బయటికి నడిచాడు. పిల్ల ఆ కుర్చీ మీద పెట్టిన తన దుపట్టా తీసి సంచిలో పెట్టుకుంది. ఇంకా ఎవరూ పొమ్మనలేదు, తనే సర్దుకుంటోంది. రైల్లో కిటికీ వైపు తిరిగి కూర్చుంది. కోసాడ్‌లో దిగేటప్పుడు మాత్రం, "రాళ్లు అతికెటప్పుడు గూడ లెక్కుంటది కాకా. ఎర్రది, తెల్లది, ఎర్రది, తెల్లది" అంది. నా స్టేషను వచ్చేదాకా నేను ఆ ఎర్రది, తెల్లదే లెక్కపెడుతూ కూర్చున్నాను.

ఆదివారం కార్ఖానాకు సెలవు. సోమవారం పొద్దున. వ్యాపారి వచ్చేది మధ్యాహ్నం. బావ ఆ రోజు చేతిలో పసుపు పోగుతో వచ్చాడు.

"బావా, మనకు తిప్పలెందుకచ్చినయో తెలిసింది. డబ్బా సాంచె అని కొత్త మోజుల పడి దేవుని పోగు ఎయ్యలే."

మనవాళ్ల పద్ధతి అది. కొత్త నేత మొదలుపెడితే మొదటి పేక పోగు పసుపులో ముంచి వేస్తారు. అది దేవునిది. నేతలో దాన్ని లెక్కపెట్టరు. సూరత్‌లో పుట్టిన పిల్ల ఎప్పుడూ చూడలేదు. వచ్చి పక్కన నిలబడింది.

"మామా, ఈ పోగు నంబరెంత?"

"దేవుని పోగుకు నంబరేంది ఇంజినీరమ్మా! పాపం తగుల్తది."

"మరి దీని తర్వాతది?"

"అది ఒకటి."

"సరే. గిప్పుడు నలభై పోగులు పడ్డయనుకో. ఆఖరుదాని నంబరెంత?"

బావ వేళ్ల మీద లెక్కపెట్టి, మధ్యలో నా వేళ్లు కూడా అరువు తీసుకున్నాడు. "దేవునిది ఇడిస్తే... ముప్పై తొమ్మిది."

"నూలు ఎన్ని పోగులది ఖర్చయింది?"

"నూలుకు దేవుడని తెల్సా? దేవునిది కలుపుకుంటే నలభై."

పిల్ల ఒక్కసారి గట్టిగా నవ్వింది. రెండు రోజుల తర్వాత నవ్వడం. "మామా, నా సున్నా వరుస గిదే! నంబరు లేదు, కానీ ఉంది. ఆఖరు నంబరు ముప్పై తొమ్మిది, మొత్తం నలభై. దేవునిది ఒక్కసారి కలిపితే చాలు!"

బావ గంభీరంగా తలూపాడు. "శుక్రవారం ముగ్గురం కలిపినం, ముగ్గురు దేవుళ్లయిర్రు. శనివారం ఎవ్వలం కలపలే, దేవుడే లేకుండ పోయిండు."

అప్పుడు ముగ్గురం నిలబడి ఒప్పందం చేసుకున్నాం. కలిపేది ప్రోగ్రాంలోనే, ఇంకెక్కడా కాదు. యంత్రం చదవని, మనుషులు మాత్రమే చదివే మాట ఒకటి ప్రోగ్రాం పక్కన రాసుకోవచ్చట. పిల్ల అక్కడ తెలుగులో రాసి మాకు చదివి వినిపించింది: "దేవుని పోగు ఇక్కడ కలిపాం. ఇంకెవరూ కలపొద్దు."

నలభై అని నాకు నోటితో చెప్పింది. నలభై అని నేను పైకి అంటూ వేశాను. బావ తన మీద తనకే నమ్మకం లేక కుడిచేతి వేళ్లకు రుమాలు చుట్టుకున్నాడు. సాంచె నడిచింది. ఈసారి ఖమణ్ జోలికి పోలేదు, అక్కడే నిలబడి చూశాం. ప్రతి చిలుకా తిన్నది. మొదటిదీ తిన్నది, ఆఖరుదీ తిన్నది.

మధ్యాహ్నం వ్యాపారి వచ్చాడు. ఆయన మామిడికాయ వైపు చూశాడా? లేదు. చిలుక ముక్కు ఎక్కడ పడిందో చూశాడా? చూడలేదు. బట్టను నలిపాడు, వెనక్కి తిప్పి పోగులు వేలాడుతున్నాయేమో చూశాడు, ఆఖరికి, "చిలుక చిన్నగా ఉంది. పెద్దది కావాలి" అన్నాడు. బావ నా చెవిలో, "మూడు రోజులు మనం సచ్చింది వీడు సూడనే లేదు బావా" అన్నాడు.

శేఠ్ ముఖం వాడింది. అతని బుర్రలో ఇంకా అట్టలే ఉన్నాయి. "పదిహేను రోజులు..." అని మొదలుపెట్టాడు.

"చాయ్ తాగండి శేఠ్‌జీ. అయిపోతది" అంది పిల్ల.

శేఠ్‌కు ప్రాణం లేచొచ్చింది. "అయితే అరవై వరుసలు చెయ్. కొంచెం పెరిగితే చాలు" అని హుకుం వేశాడు.

"అరవై కాదు శేఠ్‌జీ. ఎనభై."

కుర్చీ ఇంకా తనది కాలేదు, ఎవరి కుర్చీయో ఆయనకే కాదని చెబుతోంది. నేను వెనక నుంచి దగ్గాను. బావ కూడా దగ్గాడు. పిల్ల మా దగ్గులు పట్టించుకోలేదు.

"కాయల చుట్టు నలభై. అరవైలో నలభై తీసేస్తే ఇరవై మిగుల్తది. మొదటి చిలుక తింటది, రెండోదాని ముక్కు రెండు కాయల నడుమ గాలిల పడతది. సగం చిలుకలకు ఉపవాసం. ఎనభై అయితే శేషం సున్నా. ప్రతి చిలుక తింటది, పక్కన ఇంకో కాయ మిగుల్తది." ఇదంతా వ్యాపారికి కూడా అర్థమవ్వాలని గుజరాతీలో మళ్లీ చెప్పింది.

వ్యాపారి అప్పుడు మొదటిసారి కళ్లజోడు పెట్టుకుని కాయనూ ముక్కునూ చూశాడు. చూసి, శేఠ్ వైపు తిరిగి, "చిలుకలకు ఉపవాసాలెందుకు భాయ్, ఎనభై చేయనీ" అన్నాడు.

ప్రోగ్రాంలో ఎక్స్ విలువ ఒక్కచోట మార్చింది. అంతే. ఏళ్ల తరబడి అట్టలు మోసిన మనిషిని నేను, కడుపులో ఎక్కడో చిన్నగా కుళ్లుకున్నాను కూడా. "ఎనభై" అంది. "ఎనభై" అంటూ నేను వేశాను. బావ రుమాలు చుట్టిన వేలు మెల్లగా మీట వైపు పాకుతోంది. చేతి మీద ఒక్కటిచ్చాను. "అలవాటు బావా, అలవాటు" అన్నాడు.

చాయ్ చల్లారకముందే పెద్ద చిలుక బట్ట మీద తల ఎత్తింది. తిన్నది. దాని వెనకది వచ్చేదాకా శేఠ్ గ్లాసు పట్టుకునే నిలబడ్డాడు. అదీ తిన్నది. వ్యాపారి అక్కడే సరుకుకు ఆర్డరు చెప్పి వెళ్లాడు.

శేఠ్ పిల్లను పిలిచి, "కుర్చీ నీది. స్టూడియో ఫైళ్లు వస్తే ముందు నువ్వు చూడు" అన్నాడు.

పిల్ల థాంక్స్ చెప్పింది. చెప్పి, అక్కడే నిలబడింది. "ఇంకా రెండు కుర్చీలు కావాలె శేఠ్‌జీ."

"ఎవరికి?"

"కాకకు, మామకు. సంఖ్య వేసే ముందు ముగ్గురం కూసొని పైకి చెప్పుకోవాలె. నిలబడితే వీళ్లు మనసులోనే కలిపేస్తరు."

కుర్చీలు వచ్చాయి. నేను పని మానేసేదాకా ఆ కుర్చీలోనే కూర్చుని అంకెలు గట్టిగా అరిచాను. బావ తన కుర్చీలో కూర్చుని ఎక్కువగా నిద్రపోయాడు. కానీ నేను అంకె అరవగానే కళ్లు తెరవకుండా, "దేవునిది కలిపిన్రా?" అనేవాడు. అతని ఉద్యోగం అంతే, దాన్ని నిక్కచ్చిగా చేశాడు.

కాబట్టి పిల్లలూ, లెక్కలెందుకని అడిగితే నేను చెప్పేదొకటే. యంత్రానికి మొహమాటం లేదు. ఇంతకుముందే ఎవరైనా కలిపారా అని అది అడగదు, ఎన్ని కలిపితే అన్నీ మింగుతుంది. శేషం ఎంతో, లెక్క ఎక్కడ మొదలో తెలిసిన మనిషి పక్కన ఉండాలి. ఆ మనిషి నోరు తెరిచి చెప్పేవాడై కూడా ఉండాలి.

ఇక లేవండి, కాళ్లు తిమ్మిరెక్కి ఉంటాయి. మీ ఇంటి దండెం మీద ఎప్పుడూ కొత్త బట్ట ఆరుతూ ఉండుగాక. మీ గడపలో చెప్పులు విడిచే చుట్టాలకు కొదవ లేకుండుగాక. మీ ఇంటి ఆడపిల్లలు పెద్దవాళ్ల ముందు నిలబడి, కాదు, ఎనభై అని చెప్పినప్పుడు, వినే చెవి ఒక్కటైనా ఆ ఇంట్లో ఉండుగాక.